ముందు వరుసలో హెస్టర్

రగ్బీ జట్టుకు పదిహేను మంది కావాలి. ఆ ఆదివారం మేము పద్నాలుగు మందిమే తేలాం.

1983 అక్టోబరు. ఇంగ్లండులో మా పల్లె హార్కమ్‌లో ఆడవాళ్ల జట్టు మొదలై అప్పటికి ఆరు వారాలైంది. క్లబ్బుకున్న రెండు మంచి మైదానాలూ మగవాళ్లవి. మాకిచ్చింది మూడోది. అది పల్లానికి జారుతూ ఉంటుంది, కింది మూల వేసవిలో కూడా ఆరదు. ఆ మూలను ఆనుకునే కంచె, కంచె అవతల లస్కమ్ వాళ్ల పచ్చిక. ఎదుటి జట్టు అప్పటికే వ్యాను వెనక బట్టలు మార్చుకుంటోంది. మా పదిహేనో మనిషికి పంటినొప్పి అని కబురొచ్చింది.

మాకు ఆట నేర్పేది వానకాట్ మాస్టారు. ఊరి బడిలో ముప్పై ఏళ్లు లెక్కలు చెప్పి రిటైరయ్యారు. మాకు నేర్పడానికి క్లబ్బులో మగవాళ్లెవరూ ముందుకు రాకపోతే, నవ్వినవాళ్లను నవ్వనిచ్చి తానే వచ్చారు. ఆ రోజు ఆయన చూపు కంచె మీద పడింది. అక్కడొక మనిషి ఒరిగిపోయిన గుంజను భుజంతో నెట్టి నిలబెట్టి, అలాగే ఆనుకుని, ఖాళీగా ఉన్న చేత్తో దాని మొదట్లో మట్టి కూరుతోంది.

"ఏమ్మా, నువ్వు లస్కమ్ ఏమస్ కూతురివి కదూ?" అన్నారు మాస్టారు.

"అవునండీ. హెస్టర్‌ని. నాకు లెక్కలు చెప్పారు మీరు. నాకు రాలేదు."

"దానికేంలే. రగ్బీ ఆడతావా?"

ఆమె మమ్మల్నందర్నీ ఒకసారి చూసింది. "ఎంతసేపు?"

"ఎనభై నిమిషాలు."

"నాలుగింటికి పాలు పితకాలి."

"అప్పటికి అయిపోతుంది."

అవలేదు. రెఫరీ ఆలస్యంగా వచ్చాడు. ఇంకా పది నిమిషాల ఆట ఉందనగా హెస్టర్ ఆగి, ఆకాశం వైపు చూసి, రెఫరీ దగ్గరకు నడిచి "నాకు ఆవులున్నాయండీ" అని చెప్పి, కంచె దాటి వెళ్లిపోయింది. మేము ఓడిపోయాం. అయితే ఆమె ఉన్నంతసేపూ మా స్క్రమ్ ఒక్క అడుగు కూడా వెనక్కి పోలేదు. అంతకుముందు ఆరు వారాల్లో ఒక్కసారి కూడా ముందుకు పోని స్క్రమ్ అది.

ఆటలో తప్పు దొర్లి బంతి ఆగిపోయినప్పుడు రెండు జట్ల నుంచీ ఎనిమిదేసి మంది వంగి, ఒకరినొకరు పట్టుకుని, ఎదుటివాళ్ల తలల సందుల్లో తలలు దూర్చి తోసుకుంటారు. అదే స్క్రమ్. ముందు వరుసలో ముగ్గురుంటారు. వెనకవాళ్ల బలమూ ఎదుటివాళ్ల బరువూ అంతా ఆ ముగ్గురి మెడల మీదే పడుతుంది. మధ్యలో వేలాడుతూ కాలితో బంతిని వెనక్కి లాగే పని నాది. నాకు కుడి పక్కన హెస్టర్. పదకొండేళ్ల పాటు ఆమె ఎడమ చెయ్యి నా వీపు మీదుగా వచ్చి నా చొక్కాను పట్టుకుని ఉంది. ఆమె గురించి చెప్పడానికి నాకున్న అర్హత అంతే.

ఆమెకప్పుడు ఇరవై ఏడేళ్లు. తల్లి లేదు. తండ్రీ తనూ కలిసి అరవై నాలుగు ఆవుల్ని చూసుకునేవారు. మనిషి పొడగరి కాదు. లావూ కాదు. నడుం నుంచి మెడ దాకా ఒకే చెక్కతో చేసినట్టుండేది. మాట తక్కువ. ఒకసారి నేనే అడిగాను, "ఒసేయ్, నీకంటే మూడు మణుగులు ఎక్కువున్న మనిషిని ఎలా నెడుతున్నావే?" అని.

"నెట్టను," అంది హెస్టర్. "మాటవినని ఆవును నువ్వు నెడితే అది తిరిగి నిన్ను నెడుతుంది. ఊరికే ఆనుకుని ఉండాలి. ఎంతసేపైనా ఉండాలి. అది ఊపిరి వదిలి ఒక కాలి మీద నుంచి ఇంకో కాలి మీదకి బరువు మార్చుకుంటుంది చూడు, అప్పుడు అడుగెయ్యాలి."

"మరి మనుషులు?"

"మనుషులూ ఊపిరి వదుల్తారు."

మాస్టారు ఈ మాట విని మమ్మల్నందర్నీ లస్కమ్ వాళ్ల కొట్టానికి తీసుకెళ్లి ఒక్కొక్క ఆవునూ ఆనుకుని నిలబడమన్నారు. నాకొచ్చిన ఆవు నా పాదం మీద కాలు వేసి, తీరిగ్గా నెమరు వేసింది.

ఇదంతా ఏమస్ గారికి నచ్చలేదు. ఆయన మెథడిస్టు ప్రార్థనా మందిరంలో పెద్ద. ఆదివారం ఆట అనేది ఆయన దృష్టిలో పాపం. అందులోనూ ఆడపిల్ల బురదలో పొర్లడం ఆయన ఊహకే అందలేదు. కోప్పడే మనిషి కాదు. ఒకే ఒక్కసారి అడిగారట, "దేవుడు ఆ రోజు విశ్రాంతి తీసుకోమన్నాడు కదమ్మా?" అని. "ఆవులకు చెప్పలేదుగా నాన్నా," అందట హెస్టర్. ఆ తర్వాత ఏడేళ్లు తండ్రీకూతుళ్ల మధ్య రగ్బీ అన్న మాటే రాలేదు. ఆదివారం పొద్దున ఆవులు, తర్వాత ప్రార్థన, మధ్యాహ్నం ఆట, సాయంత్రం మళ్లీ ఆవులు. ఆమె కోసం మా మ్యాచ్‌లన్నీ గంట ముందుకు జరిపించారు మాస్టారు.

క్లబ్బులో మగవాళ్ల జట్టు కెప్టెన్ గార్త్ పెడ్రిక్. ఊళ్లో మాంసం కొట్టు వాళ్లదే. వాడూ ముందు వరుస ఆటగాడే. మేము ఎదురుపడితే చాలు, "ఏమ్మా, ఊలు అల్లకాలు అయిపోయాయా, ఇలా వచ్చారు?" అనేవాడు. ఒక మంగళవారం వాళ్లకు సాధన చేసుకోవడానికి మనుషులు తక్కువయ్యారు. మాస్టారు అమాయకంగా మొహం పెట్టి, "మా హెస్టర్‌ని పంపించనా?" అన్నారు. గార్త్ నవ్వి సరేనన్నాడు. ఎదురెదురుగా వంగారు. మొదటిసారి గార్త్ అరడుగు వెనక్కి పోయాడు. కాలు జారిందన్నాడు. రెండోసారి రెండడుగులు పోయాడు. మూడోసారి లేచి నిలబడి, చెవులు రుద్దుకుంటూ, "నా ఊపిరి వినపడుతోందా నీకు?" అని అడిగాడు.

"వినపడుతోంది. గట్టిగా వదుల్తావు," అంది హెస్టర్. "నోరు మూసుకుని తొయ్యి."

"వాడు నోరు మూసుకోవడం మా అందరికీ కావాల్సిందే," అన్నారు వాళ్ల జట్టులో ఎవరో. ఆ రోజు నుంచి గార్త్ ఎగతాళి మానలేదు గానీ, హెస్టర్ పక్కన ఉన్నప్పుడు మాత్రం బుద్ధిగా ఉండేవాడు.

నేను పోస్టాఫీసులో కౌంటరు దగ్గర పనిచేసేదాన్ని. 1986 జనవరిలో హెస్టర్ పేరు మీద లండన్ ముద్రతో ఉత్తరం వస్తే, అది ముందు నా చేతిలోనే పడింది. పోస్టుమాన్‌కి ఇవ్వకుండా సైకిలేసుకుని నేనే కొట్టానికి వెళ్లాను. ఆమె ఒక తొలిచూలు ఆవుకి పాలు పితికే యంత్రం గొట్టాలు తగిలిస్తోంది. చేతులు ఖాళీ లేవు.

"నువ్వే చదువు," అంది.

చదివాను. ఇంగ్లండ్ ఆడవాళ్ల జట్టుకు ఎంపికైంది. ప్రయాణం ఖర్చు ఎవరిది వాళ్లదే. చొక్కా వాళ్లిస్తారు, అంకె మాత్రం మనమే కుట్టుకోవాలి.

ఆమె ఆవు పొట్టకు నుదురు ఆనించింది. తర్వాత, "మూడో అంకెనా?" అని అడిగింది.

"మూడే."

"నాకు కుట్టడం సరిగ్గా రాదే మార్జీ."

అంకె నేను కుట్టాను. వంకరగా వచ్చింది. ఆ వంకర మూడుతోనే ఆమె వేల్స్ మీద ఆడింది, స్కాట్లండ్ మీద ఆడింది. నాలుగేళ్లలో పదిహేడు మ్యాచ్‌లు. శనివారం సాయంత్రం పాలు పితికి రైలెక్కి, ఆదివారం ఆడి, సోమవారం తెల్లారేసరికి కొట్టంలో ఉండేది. ఒకసారి చెవి సగం చిరిగి వచ్చింది. పశువుల డాక్టరు వేరే పని మీద వచ్చి చూసి, కుట్లు బాగానే వేశారని మెచ్చుకుని వెళ్లాడు.

1990 ఏప్రిల్‌లో ఫ్రాన్స్‌లోని బ్రిటనీలో ఎనిమిది దేశాల పోటీ పెట్టారు. పది రోజులు. అంత పెద్ద పోటీ మేమెవరం అంతకుముందు చూడలేదు. హెస్టర్‌కు ముప్పై నాలుగు. అలాంటిది ఇంకోసారి వస్తుందని ఎవరూ అనుకోలేదు. కానీ ఫిబ్రవరి మంచులో ఏమస్ గారు జారిపడి తుంటి విరగ్గొట్టుకున్నారు. ఏప్రిల్ అంటే ఆవులు ఈనే రోజులు కూడా. హెస్టర్ రాలేనని ఉత్తరం రాసి, స్టాంపు కోసం నా కౌంటరు దగ్గరకు తెచ్చింది. నేను చదువుతానని తెలిసే, కవరు అంటించకుండానే నాకిచ్చింది.

నేను స్టాంపు అంటించలేదు. ఉత్తరం సొరుగులో పడేసి మాస్టారి దగ్గరకు వెళ్లాను. మాస్టారు క్లబ్బుకు వెళ్లారు. మర్నాడు సాయంత్రం గార్త్ తన జట్టులో ఏడుగుర్ని వెంటేసుకుని లస్కమ్ వాళ్ల గేటు ముందు నిలబడ్డాడు.

"ఏమస్ గారూ," అన్నాడు, టోపీ తీసి. "పది రోజులు మీ ఆవుల్ని మేము పితుకుతాం. మీ అమ్మాయిని పంపించండి."

ఏమస్ గారు కిటికీ దగ్గర కుర్చీలో ఉన్నారు. "నీకు ఆవుల గురించి ఏం తెలుసు పెడ్రిక్?"

"కోసినవాటి గురించైతే అంతా తెలుసండీ."

"అవి కదలవు."

"నేర్చుకుంటాం."

ఆయన వాళ్ల బూట్ల వైపు ఒకసారి చూశారు. హెస్టర్ గుమ్మంలో తడిచేతులతో నిలబడి ఉంది. చివరికి ఆయన కూతురి వైపు చూడకుండానే, "రేపు పొద్దున అయిదింటికి. బూట్లు కడుక్కుని రండి," అన్నారు.

ఆ పది రోజులూ హార్కమ్‌లో జనానికి మాట్లాడుకోవడానికి మరో విషయం లేకపోయింది. కొట్టం వాకిట్లో కుర్చీ వేయించుకుని, ఒళ్లో చేతికర్ర పెట్టుకుని ఏమస్ గారు కూర్చునేవారు. "దాని వెనక నిలబడకు. పక్కన. ఇంకా పక్కన. అదిగో, చెప్పానా." గార్త్‌కు మోకాలి కింద ఒక తన్ను, తొడ మీద రెండు. ఇంకొకడు పాల గొట్టం విప్పడం మర్చిపోయి ఆవును వదిలేస్తే, అది గొట్టంతో సహా పచ్చికలోకి షికారు వెళ్లింది. మేము ఆడవాళ్లం దూడలకు పాలు పట్టించేవాళ్లం, మాంసం, దుంపలు కూరిన పేస్టీలు కాల్చి తెచ్చేవాళ్లం. మూడో రోజుకు చేతులు అలవాటు పడ్డాయి. అయిదో రోజు ఒక అడ్డం తిరిగిన దూడను గార్త్ మోచేతి దాకా చెయ్యి పెట్టి సరిచేసి బయటకు లాగాడు. లాగి, గడ్డి మీద కూలబడి ఏడ్చాడు. ఏమస్ గారు ఇటు చూడనట్టు తల తిప్పుకున్నారు.

సాయంత్రాలు బ్రిటనీ నుంచి ఫోనొచ్చేది. గెలిచాం. మళ్లీ గెలిచాం. ఫైనల్‌కు వచ్చాం, ఎదుట ఫ్రాన్స్. ఎనిమిదో రోజున మాస్టారు తన పాత కారు తుడిచి, "మార్జీ, ప్లిమత్‌లో ఓడెక్కుదామా?" అన్నారు. ఏమస్ గారికి చెప్పి వెళ్లాలని వెళ్లాను. ఆయన జేబులోంచి పొట్లం తీశారు. పుదీనా బిళ్లలు. "తనకివ్వు," అన్నారు.

ఆ ఫైనల్ నేను గీతకు పది గజాల దూరంలో నిలబడి చూశాను. నాలుగు వేల మంది ఉంటారు. సన్నటి తుంపర. ఆఖరి నిమిషాల దాకా ఇంగ్లండ్ తొమ్మిది, ఫ్రాన్స్ ఏడు. హెస్టర్ మీద ఆడుతున్న ఫ్రాన్స్ మనిషికి భుజం పోయింది. ఆమె బదులు ఒక చిన్నపిల్లను దింపారు. సొలెన్ అని పేరు, పంతొమ్మిదేళ్లు. మెడ ఇంకా సన్నం. అది చూసి మా వాళ్లందరికీ ధైర్యమొచ్చింది. నాకూ వచ్చింది. ఆటంటే అంతే, ఎదుట బలహీనంగా ఉన్నచోటే నెడతాం.

ఇంగ్లండ్ గీతకు అయిదు గజాల్లో స్క్రమ్ పడింది. బంతి మాదే. ఒక్క తోపు తోసి బంతిని బయటకు తన్నేస్తే ఆట అయిపోతుంది. వంగారు. పట్టుకున్నారు. తోపు మొదలైంది. ఫ్రాన్స్ స్క్రమ్ కదిలిపోతోంది. అంతలో సొలెన్ కాలు బురదలో జారింది. నడుం పైకి లేచింది, తల కిందికి పోయింది. వెనక నుంచి ఏడుగురు తోస్తున్నారు, ముందు నుంచి ఎనిమిది మంది తోస్తున్నారు, మధ్యలో ఆ పిల్ల మెడ మడతపడుతోంది. రెఫరీ అవతలి పక్కనున్నాడు. అతనికి కనపడదు. మైదానంలో ఆ సంగతి తెలిసింది ఒక్క హెస్టర్‌కే, తన చెవి పక్కనే ఆ పిల్ల ఊపిరి ఆగిపోయింది కాబట్టి.

హెస్టర్ తోపు ఆపేసింది. ఆపడమే కాదు, ఆ పిల్ల చొక్కాను గుప్పెట పట్టుకుని, మోకాళ్లు బిగించి, పదిహేను మంది బరువునూ తన వీపు మీదకు తీసుకుని నిలువుగా లేచింది. లేస్తూ "మెడ, మెడ" అని అరిచింది. ఆ గొంతు నేనెప్పుడూ వినలేదు. స్క్రమ్ విడిపోయి చెల్లాచెదురైంది. సొలెన్ ఆమె చేతిలో వేలాడుతూ ఉంది, తర్వాత పాదాలు నేలకు తగిలాయి.

రెఫరీ ఈల ఊదాడు. అతను చూసింది మూడో నంబరు మనిషి స్క్రమ్‌లో లేచి నిలబడడం. అది తప్పు. ఫ్రాన్స్‌కు పెనాల్టీ, తన్ను పడితే మూడు పాయింట్లు. గోలుస్తంభాల ఎదురుగా, కళ్లు మూసుకుని తన్నినా పడే దూరం. పడింది. పది, తొమ్మిది.

ఇంగ్లండ్ కెప్టెన్ హెస్టర్ దగ్గరకు వచ్చి "ఎందుకు లేచావు?" అని అడగడం నాకు వినపడింది. హెస్టర్ బురదలో మోకాళ్ల మీద ఉంది. "పిల్ల మెడ," అంది. కెప్టెన్ నమ్మిందో లేదో తెలియదు. ఆటయ్యాక సొలెన్ వచ్చింది. మెడ చుట్టూ పట్టీ ఉంది. ఒకరి భాష ఇంకొకరికి రాదు. ఆ పిల్ల రెండు చేతులతో హెస్టర్ మొహం పట్టుకుని తన నుదురు ఆమె నుదురుకు ఆనించి చాలాసేపు అలాగే ఉండిపోయింది. హెస్టర్ జేబు తడుముకుని, ఆటకు ముందు నేనిచ్చిన పుదీనా బిళ్లల్లో ఒకటి తీసి ఇచ్చింది.

తిరుగు ప్రయాణంలో ఓడ మీద ఆమె ఒక్కటే అంది: "వాళ్ల మొహాలు ఎలా చూడనే? పది రోజులు తన్నులు తిన్నారు."

కొట్టం ముందు అందరూ ఉన్నారు. గార్త్ ముందుకొచ్చి, మోకాలి కింద నల్లగా కమిలిన చోటు చూపించి, "ఇది నీ డైసీ ఆవు చేసిన పని. దాన్ని ఇంగ్లండ్ జట్టులో పెట్టండి," అన్నాడు. హెస్టర్ నవ్వబోయింది, రాలేదు. తండ్రి కుర్చీ దగ్గరకు వెళ్లి నిలబడింది.

"ఓడిపోయాం నాన్నా. నావల్లే."

ఏడేళ్లలో ఆమె ఆయనతో ఆట గురించి మాట్లాడడం అదే మొదలు. ఏమస్ గారు చేతికర్ర మీద రెండు చేతులూ పెట్టుకున్నారు. మాస్టారు అప్పటికే ఫోనులో జరిగిందంతా చెప్పారని మాకు తర్వాత తెలిసింది.

"ఆ పిల్ల లేచి నడిచిందా?" అని అడిగారు.

"నడిచింది."

"మరింకేం. లోపలికి రా, టీ చల్లారిపోతోంది."

జూన్‌లో మళ్లీ లండన్ ముద్రతో ఉత్తరమొచ్చింది. వచ్చే ఏడాది జట్టులో ఆమె పేరు లేదు. కారణం రాయలేదు. నాకు ఒళ్లు మండిపోయింది, పత్రికకు రాస్తానన్నాను. "రాసి ఏమని చెప్తావు? నేను లేచిన మాట నిజమే కదా," అంది హెస్టర్. మంగళవారాలు సాధన మానలేదు, ఆదివారాలు ఆట మానలేదు. ఆ సెప్టెంబరులో మా మూడో మైదానం పక్కన, కంచె అవతల, ప్రార్థనకు వేసుకునే నల్లకోటుతో ఏమస్ గారు కనిపించారు. ఇటు తిరగకుండా పచ్చిక చూస్తున్నట్టు నిలబడ్డారు. ఆ రోజు చీలమండ బెణికి నేను బయటే ఉన్నాను. దగ్గరకు వెళ్లాను.

"గుంజలు బాగానే ఉన్నాయా చూద్దామని వచ్చానమ్మాయ్," అన్నారు.

"చూడండి."

కాసేపటికి, "బంతి అక్కడుంటే మనవాళ్లు ఇక్కడ తోసుకుంటారెందుకు?" అన్నారు. చెప్పాను. ఇంకాసేపటికి పూర్తిగా ఇటు తిరిగారు. స్క్రమ్ పడింది. హెస్టర్ వంగింది. ఆయన కర్ర కంచెకు ఆనించి, రెండు చేతులతో గుంజ పట్టుకున్నారు. "ఆగు," అన్నారు మెల్లగా, నాతో కాదు. "ఆగు. ఆగు. ఇప్పుడు." హెస్టర్ అడుగేసింది. ఎదుటి స్క్రమ్ మూడు గజాలు వెనక్కి పోయింది. "వాళ్లమ్మ కూడా అంతే," అన్నారాయన, "ఎద్దును సైతం అలాగే కదిలించేది."

రెండేళ్లకు జట్టును ఎంపిక చేసేచోట కొత్తవాళ్లు వచ్చి ఆమెను మళ్లీ ఇంగ్లండ్ జట్టులోకి పిలిచారు. ఇంకో ఆరు మ్యాచ్‌లు ఆడింది. మొత్తం ఇరవై మూడు. ముప్పై ఎనిమిదో ఏట మెడ ఇక పనికిరాదని డాక్టరు చెబితే మానేసింది. అప్పటి నుంచి మా క్లబ్బులో ఆడపిల్లలకు ముందు వరుస ఆట నేర్పుతోంది. తోయడం నేర్పదు, ముందు కూలకుండా ఉండడం నేర్పుతుంది. ఎవరైనా "మెడ" అని అరిస్తే అందరూ అన్నీ వదిలెయ్యాలి, గెలుపైనా సరే. ముప్పై ఏళ్లలో ఆమె చేతికింద ఒక్క పిల్లకూ మెడ దెబ్బ తగల్లేదు. ఈ మధ్య క్లబ్బు ఆ మూడో మైదానానికి ఆమె పేరు పెడతానంటే, ముందు దాని కింది మూల బురద సంగతి చూడమంది.

ఇప్పుడామెకు తల పక్కకు తిరగదు. ఎవరైనా పిలిస్తే మనిషంతా తిరుగుతుంది. సోమవారాలు మా ఇంటికి టీకి వస్తుంది. పోయిన సోమవారం అడిగాను, ఇన్నేళ్లలో ఎప్పుడూ అడగని మాట.

"ఆ ఫైనల్ గురించి నీకు బాధ ఉందా?"

"ఉంది," అంది వెంటనే. "గెలవడానికే కదే వెళ్లాను. ఇప్పటికీ ఉంది."

"మళ్లీ అదే జరిగితే?"

"మళ్లీ లేస్తాను. అది వేరు, ఇది వేరు. రెండూ ఉంటాయి."

అని, మనిషంతా బల్ల వైపు తిరిగి, కేకు ఇంకో ముక్క కోసుకుంది.